దేవుడి పేరున అప్పు వద్దు

ఆదివారం మీటింగులో చెప్పిన మాటలివి. డ్యూటీ ఉండి రాలేకపోయిన వాళ్ళ కోసం ఇక్కడ పెడుతున్నాం.

అక్షయ తృతీయ వస్తే ఫోన్ నిండా బంగారం ప్రకటనలే. ఆ రోజు కొనకపోతే లక్ష్మి ఇంటికి రాదన్నట్టు చెప్తారు. అసలు ఆ రోజు దానానికి పేరు. ఎండాకాలం కదా, నీళ్ళ కుండ, విసనకర్ర, మజ్జిగ ఇచ్చేవాళ్ళు. ఇచ్చే పండుగను కొనే పండుగ చేసింది దుకాణం.

ఇది మన ఒక్కరి సంగతే కాదు. ఇక్కడ ఐర్లండ్‌లో ఏడెనిమిదేళ్ళ పిల్లలకు చర్చిలో ఫస్ట్ కమ్యూనియన్ చేస్తారు. అక్కడ పిల్లలు తీసుకునేది చిన్న అప్పం ముక్క. దాని చుట్టూ తెల్ల గౌను, విందు, పిల్లలు ఎగిరి ఆడే గాలి కోట అద్దె చేరాయి. అందుకోసం అప్పు చేసే ఐరిష్ కుటుంబాలూ ఉన్నాయి.

లెక్క చూడండి. లైసెన్సున్న వడ్డీ వ్యాపారి ఇక్కడ వారానికి 1 శాతం, ఏడాదికి 48 శాతం దాకా తీసుకోవచ్చని 2022 చట్టం. 500 యూరోలకు ఏడాది వడ్డీ 240 దాకా పోవచ్చు. 2025లో కనీస వేతనం గంటకు 13.50 యూరోలు. అంటే దాదాపు 18 గంటల చాకిరీ వడ్డీకే!

శ్రావణమైనా, రంజానైనా, క్రిస్మస్ అయినా ఉన్నంతలో చేసుకుందాం. అప్పు తప్పనిసరైతే ముందు క్రెడిట్ యూనియన్‌లో అడగండి. ఇంటికి ఫోన్ చేసినప్పుడు "ఈసారి నగ వద్దు, పూజ చేసుకుందాం" అనడానికి సిగ్గుపడకండి. దేవుడు మనల్ని బిల్లు చూపించమనడు.