ఒక పన్ను, ఒక ధర్మాసనము: స్కాట్లండు రాజాస్థానమున 1532



ఏ ఆచార్యవర్యుల పేరిట ఈ ఉపన్యాసపరంపర నడచుచున్నదో, ఆ మహనీయులు రాజుల యుద్ధములకంటె రాజుల జమాఖర్చులను శ్రద్ధతో చదువుడని శిష్యులకు బోధించెడివారు; కావున వారి స్మృతికి ఒక పన్ను కథను సమర్పించుట అనుచితము కాదని తలంచుచున్నాను. 1513లో ఫ్లాడెన్ రణభూమిని నాలుగవ జేమ్సు కూలుటయు, పసిబిడ్డయైన ఐదవ జేమ్సు పేర ప్రభువులు పెత్తనము చేయుటయు, ఆ బాలరాజు 1528లో ఆంగస్ ప్రభువు పట్టునుండి తప్పించుకొని స్టర్లింగు కోట చేరుటయు మీరెఱిగినవే.

ఆ కాలమున స్కాట్లండులో రాజు కొలువునకును న్యాయస్థానమునకును నడుమ గోడ లేదు. రాజునకు ఆలోచన చెప్పు ప్రభువులును మఠాధిపతులునే తగవులును తీర్చుచుండిరి. ఇంగ్లండు రాజు ఎనిమిదవ హెన్రీ వివాహవ్యవహారముచే కలతచెందియున్న ఏడవ క్లెమెంటు పోపు, పొరుగుననున్న జేమ్సునైనను చేజార్చుకొనరాదని యెంచి, స్కాట్లండు మతాధిపతులపై ఏటేట 10,000 బంగారు డ్యూకట్ల పన్నునకు అనుమతినిచ్చెను; దానికి చెప్పిన ప్రయోజనము శాశ్వతమైన న్యాయపరిషత్తును పోషించుట. 1532 మే మాసమున, కాంబస్కెన్నెత్ మఠాధిపతి అలెగ్జాండర్ మిల్ అధ్యక్షుడుగా, మతాచార్యులు ఎనమండ్రును గృహస్థులు ఏడుగురును ఎడింబరోలో కొలువుదీరిరి. ఆ పన్నునకు బదులుగా మతాధిపతులు బేరమాడి, నాలుగేండ్లలో 72,000 పౌనులును, వేతనములకై ఏటేట 1,400 పౌనులును ఇచ్చుటకు సమ్మతించిరి. పెద్దమొత్తము రాజు ఖజానాకు, చిన్నమొత్తము న్యాయమునకు! ఆ దశాబ్దముననే స్టర్లింగులోను ఫాక్లండులోను ఫ్రెంచి పోకడల సౌధములు లేచెను.

ఇక్కడనే హానే పండితునితోను, ఆయన త్రోవ త్రొక్కినవారితోను నాకు చిరకాలపు వివాదము. న్యాయసభ అంతకు మునుపే కలదనియు, 1532లో క్రొత్తగా వచ్చినది ధనమే కాని ధర్మము కాదనియు వారి మతము. ధనాపేక్ష నేనును కాదనను. కాని అప్పుచేసి కట్టిన ఇల్లని తెలిసినంతమాత్రమున అందు కాపురము లేదనవచ్చునా? పూర్వము రాజసభ వంశపారంపర్య భూస్వామ్యపు తగవులను తన పరిధి కాదని స్థానిక న్యాయాధికారులకు పంపివేయుచుండగా, ఈ ధర్మాసనము వానినే తన ముఖ్యవ్యాపారముగా చేసికొనెను. కత్తితో తేలవలసిన పొలిమేరలు కాగితముపై తేలసాగినవి. ఈ మార్పు పన్నుపుస్తకములలో కానరాదు, వ్యాజ్యపత్రములను తిరుగవేసినవారికే కానవచ్చును. నా ప్రతిపక్షులు మొదటివానినే ఎక్కువగా చదివిరని విన్నవించుటకు నన్ను క్షమింపవలెను. ఇక తీర్పును అమలుపఱచు విధమును చూడుడు: ఋణగ్రస్తుడు ఆజ్ఞను పాటింపనియెడల రాజముద్రాంకితపత్రముతో దూత ఎడింబరో అంగడివీథిలోని స్తంభము కడ నిలిచి ముమ్మారు కొమ్మునూది, వానిని రాజద్రోహిగా ప్రకటించెడివాడు, వాని చరసొత్తు రాజునకు చెందును. చెల్లింపని అప్పు రాజధిక్కారమైనది! ఖజానా లాభమును న్యాయముయొక్క బలమును ఒకే కొమ్ములో మ్రోగుచుండగా, వీనిని విడదీసి ఇది ధనము, ఇది ధర్మము అనుటకు ఆ పండితులకు ఏ కొలబద్ద దొరకెనో నాకు బోధపడదు.

సమయము మించుచున్నది; సభాధ్యక్షులవారి చూపు గడియారముపై పడినది. మేరీ రాణి 1567లో సింహాసనము వీడుటయు, తరువాతి నలుగురు రాజప్రతినిధులలో ఇద్దరు తుపాకికి, ఒకరు శిరశ్ఛేదమునకు బలియగుటయు రసవత్తరములే కాని, ఆ కథలు చెప్పుటకు నాకంటె సమర్థులు పెక్కురు కలరు. ఆరవ జేమ్సు 1598లో వంశవైరములను రాజశాసనమునకు లోబఱచెను. 1603లో లండను చేరి, ఆపై 1617లో ఒక్కసారి మాత్రమే స్వదేశము చూచి, మిగిలినకాలము లేఖలతో ఏలెను. క్రామ్వెల్ ఈ ధర్మాసనమును తొలగించి తన కమిషనర్లను కూర్చుండబెట్టెను, రాచరికముతోడనే అది తిరిగివచ్చెను. ఇంగ్లండుతోడి 1707 సంధి 19వ అధికరణము స్కాట్లండు పార్లమెంటు పోయినను ఈ న్యాయస్థానము యథాతథముగ ఉండవలెనని నిర్దేశించెను. 1808లో అది రెండు విభాగములయ్యెను. పార్లమెంటు కూడిన శాల న్యాయవాదుల పాలయ్యెను. సంశయములున్నవారు ఇక అడుగవచ్చును.