మన డి.ఏ., మెదడు డి.ఏ.
(సంఘ వార్షిక సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



డి.ఏ. గురించి మాట్లాడతానని చెప్పగానే, బకాయిల సంగతి కాబోలనుకుని కార్యదర్శిగారు వెంటనే ఒప్పుకున్నారు. నేను చెప్పబోయేది వేరే డి.ఏ. మెదడులో తయారయ్యే డోపమైన్ అనే రసాయనాన్ని డాక్టర్లు కూడా పొట్టిగా డి.ఏ. అనే రాస్తారు.

ఇది మెదడులో ఒక కణం నుంచి మరొక కణానికి కబురు మోస్తుందని 1957లో స్వీడన్ శాస్త్రజ్ఞుడు ఆర్విద్ కార్ల్‌సన్ గుర్తించారు. ఆయన కుందేళ్ళకు రిసర్పిన్ ఇస్తే అవి కదలక మెదలక పడిపోయాయి. ఈ రిసర్పిన్ మన సర్పగంధి వేరు నుంచి తీసినదే. ఒకప్పుడు రక్తపోటుకు విరివిగా వాడేవారు. తరువాత డోపమైన్‌కు ముడిసరుకైన ఎల్-డోపా ఎక్కించగానే ఆ కుందేళ్ళు లేచి తిరిగాయి. 2000లో నోబెల్ బహుమతి పంచుకున్న ముగ్గురిలో ఆయన ఒకరు.

ఆ కుందేలు నేనే అనుకోండి. 2018లో నా కుడిచేయి వణకడం మొదలైంది. సంతకం చీమంత అయిపోయి బ్యాంకువారు చెక్కు తిప్పి పంపారు. పార్కిన్సన్ జబ్బు అన్నారు. డోపమైన్ తయారుచేసే కణాలు నశించిపోవడమే ఈ జబ్బు. డోపమైన్‌లాగా పనిచేసే ప్రమిపెక్సోల్ అనే మాత్రలు ఇచ్చారు. చేయి కుదుటపడింది. సంతోషించాను.

ముప్పై ఆరేళ్ళ సర్వీసులో పేకముక్క ముట్టనివాణ్ణి, మాత్రలు మొదలైన ఆరు నెలలకు రమ్మీ గదిలో తేలాను. మొదట కాలక్షేపం. తరువాత రోజూ. ఆపైన భోజనం కూడా మానేసి. ఒకరోజు మా ఆవిడ, "ఏమండీ, పాస్‌బుక్కులో ఇంత తక్కువుందేమిటి?" అంది. "బ్యాంకువాళ్ళు ఎంట్రీ తప్పు వేశారు" అన్నాను. జీవితమంతా ఇతరుల ఎంట్రీలలో తప్పులు పట్టినవాణ్ణి చెప్పిన మాట అది. పోయిన సొమ్ము లక్షా నలభై వేలు. దానికంటే ఆ మాటకే ఎక్కువ సిగ్గుపడ్డాను.

డోపమైన్ అంటే సుఖమని చాలామంది అనుకుంటారు. అది పూర్తిగా నిజం కాదు. స్విట్జర్లాండులో వోల్ఫ్రామ్ షుల్ట్జ్ అనే ఆయన కోతులకు పళ్ళరసం ఇస్తూ వాటి డోపమైన్ కణాలను పరిశీలించారు. మొదట రసం అందినప్పుడు కణాలు చురుకెత్తాయి. రసానికి ముందు దీపం వెలుగుతుందని కోతికి తెలిశాక, దీపానికే చురుకెత్తాయి. రసం వచ్చినా చలనం లేదు. రావలసిన రసం రాకపోతే మాత్రం ఉన్న చురుకూ తగ్గింది. మన డి.ఏ. కూడా అంతే కదా! మూడు శాతం వస్తుందని తెలిసి మూడే వస్తే ఎవరైనా మిఠాయి పంచారా? అనుకోకుండా నాలుగు వస్తే పండుగ. రెండే వస్తే ధర్నా. ఉదయం కాఫీ కూడా చూడండి, గొంతులో పడటానికి ముందే, ఫిల్టరులో డికాక్షన్ దిగే వాసనకే మనిషి సగం లేస్తాడు. అది మంచి డోపమైనే. అది లేకపోతే మంచం దిగబుద్ధి కాదు.

పేకాటలో కావలసిన ముక్క వస్తుందో రాదో తెలియదు. మనిషిని కట్టి పడేసేది ఆ తెలియకపోవడమే.

మిచిగాన్ విశ్వవిద్యాలయంలో కెంట్ బెరిడ్జ్ మరొకటి తేల్చారు. డోపమైన్ దాదాపు లేకుండా చేసిన ఎలుకలు తిండి కోసం కదలవు. కానీ నోట్లో తీపి వేస్తే మామూలుగానే పెదవులు నాకుతాయి. అంటే కావాలనిపించడం వేరు, బాగుందనిపించడం వేరు. ఇది చదివినప్పుడు నాకు కళ్ళు చెమర్చాయి. ఆఖరి నెలల్లో నాకు ఆటలో రవంత ఆనందం లేదు. వెళ్ళాలన్న తహతహ మాత్రం తగ్గలేదు. తాగుడు మానలేనివారిని నేనూ చులకనగా మాట్లాడినవాణ్ణే.

చివరకు మా అబ్బాయి మాత్రల పెట్టెలోని కాగితం భూతద్దం పెట్టి చదివాడు. జూదం యావ కలగవచ్చునని అందులో అచ్చువేసే ఉంది. డాక్టరుగారు చెప్పలేదు, నేను అడగలేదు. 2010లో అమెరికా, కెనడాలలో 3,090 మంది రోగులపై జరిపిన పరిశీలనలో, జూదం, అతిగా కొనడం, అతిగా తినడం వంటి యావలు నూటికి సుమారు 14 మందిలో కనిపించాయి. ఈ తరహా మాత్రలు వాడేవారిలో ఇంకా ఎక్కువ. డాక్టరు మోతాదు మెల్లగా తగ్గించి మందు మార్చారు. ఒక్కసారిగా మానేస్తే వేరే బాధలు వస్తాయి కనుక ఎవరూ సొంతంగా ఆపవద్దు. దూలగొండి గింజల్లో ఎల్-డోపా ఉందని విని వాటిని నూరుకుని తాగవద్దు.

రెండు నెలలకు ఆ యావ దిగిపోయింది. చేయి మళ్ళీ కొంచెం వణుకుతోంది, మీరు చూస్తూనే ఉన్నారు. ఈ జబ్బున్నవారు మన సంఘంలో ఇంకా కొందరున్నారని తెలుసు. వారి ఇంట్లోవారు నన్ను ఏ గురువారమైనా మన పఠన మందిరంలో కలవవచ్చును. పాస్‌బుక్కు ఇప్పటికీ మా ఆవిడ బీరువాలోనే ఉంది. తిరిగి ఇమ్మని నేను అడగలేదు.

సెలవు.