కంట్రోల్ సిస్టమ్స్ పురస్కారం: గ్రహీతల వెనుక గణితం

ఐ.ఇ.ఇ.ఇ. వారి కంట్రోల్ సిస్టమ్స్ పురస్కారం 1980లో ఏర్పడింది. 1982లో దాన్ని మొదట అందుకున్నవాడు హోవర్డ్ రోజెన్‌బ్రాక్. అంతకు చాలా ముందే, 1909 నుంచి, అమెరికా విద్యుత్ ఇంజినీర్ల సంస్థ ఎడిసన్ పతకం ఇస్తూ వచ్చింది. 1916 సంవత్సరపు పతకం టెస్లాకు దక్కడం, ఎడిసన్‌తో ఆయనకున్న స్పర్ధ తెలిసినవారికి ఇప్పటికీ వింతే. ఆ సంస్థా, రేడియో ఇంజినీర్ల సంస్థా 1963లో కలిసి ఐ.ఇ.ఇ.ఇ. అయ్యాయి. పాత పతకం మొదటి రోజుల్లో యంత్రాలు నిర్మించినవారిని వరించింది. కొత్త పురస్కారం మాత్రం ఎక్కువగా గణితజ్ఞులను వెతుక్కుంటూ వెళ్లింది.

కారణం నియంత్రణ శాస్త్రం స్వభావంలోనే ఉంది. ఫలితాన్ని కొలిచి, కావలసినదానితో పోల్చి, తేడాను బట్టి యంత్రాన్ని సరిదిద్దడమే ఫీడ్‌బ్యాక్. ఆవిరి యంత్రానికి వాట్ అమర్చిన గవర్నరు చేసిన పనీ ఇదే. చిక్కల్లా ఆలస్యంతోనే. దిద్దుబాటు వేళకు అందకపోతే వేగం కుదుటపడదు సరికదా, ఊగిసలాట అంతకంతకూ పెరగవచ్చు. ఈ స్థిరత్వ సమస్యను 1868లో మాక్స్‌వెల్ సమీకరణాలకెక్కించాడు. 1927లో బెల్ ల్యాబ్స్‌లో హెరాల్డ్ బ్లాక్ ఋణ ఫీడ్‌బ్యాక్ యాంప్లిఫయర్ కనిపెట్టాక, దాని స్థిరత్వాన్ని తేల్చే పరీక్షను 1932లో నైక్విస్ట్ ఇచ్చాడు.

గ్రహీతల జాబితాలో ఆగి చూడవలసిన చోటు 1980ల నడిమి భాగం: 1985లో జార్జ్ జేమ్స్, 1986లో చార్లెస్ డెసోయర్, 1988లో డాంటే యూలా. డెసోయర్‌తో కలిసి 1975లో ఫీడ్‌బ్యాక్ వ్యవస్థలపై గ్రంథం రాసినవారు, 1947లో గుంటూరులో పుట్టిన మాతుకుమల్లి విద్యాసాగర్. అస్థిరమైన వ్యవస్థను రెండు స్థిర వ్యవస్థల భిన్నంగా రాయడం ఈ పరంపరలో కీలకమైన ఎత్తుగడ. అలా రాస్తే ఆ వ్యవస్థను స్థిరపరచగల నియంత్రకాలన్నీ ఒకే సూత్రంలో ఇమిడిపోతాయి. ఇంజినీరుకు మిగిలేది వాటిలో మేలైనదాన్ని ఎంచుకోవడమే. ఈ పద్ధతిపై విద్యాసాగర్ పుస్తకం 1985లో వెలువడింది. పురస్కారం ఆయనకు వచ్చింది 2008లో, సహరచయితకు వచ్చిన 22 ఏళ్లకు. ఐ.ఐ.టి. మద్రాసులో చదివిన పి.ఆర్. కుమార్ 2006లోనే దాన్ని అందుకున్నారు.

ఈ గణితం పరిశ్రమల ఊరైన హోసూరుకు పరాయిది కాదు. అక్కడి సిప్కాట్ పారిశ్రామికవాడలోని షెడ్డులో సర్వో మోటారుపై బరువు మారుతుంది, బేరింగు అరుగుతుంది, వేడికి తీగ నిరోధం పెరుగుతుంది. డిజైనులోని మోటారు, తిరుగుతున్న మోటారు ఎప్పుడూ ఒకటి కావు. ఆ తేడాను ముందే లెక్కలోకి తీసుకునేది రోబస్ట్ కంట్రోల్. కృష్ణగిరి, హోసూరు దారి వెళ్లి చేరే బెంగళూరులోనే 1989 నుంచి 2000 వరకు విద్యాసాగర్ కృత్రిమ మేధ, రోబోటిక్స్ కేంద్రాన్ని నడిపారు. ఆపై హైదరాబాదులో టి.సి.ఎస్.లో పనిచేశారు. పురస్కారం తరువాత ఆయన పరిశోధన క్యాన్సర్ జీవశాస్త్రం వైపు మళ్లింది. 2012లో లండన్ రాయల్ సొసైటీ ఆయనను ఫెలోగా ఎన్నుకుంది.