తిరునాళ్లలో బండలాగుడు

కర్నూలు, కడప పల్లెల్లో తిరునాళ్లకు జరిగే ఎద్దుల బండలాగుడులో గెలిచేదెవరో ముందే అనుకుని దిగే వీలు లేదు. ఎద్దులకు చెప్పి ఒప్పించడం ఎవరి తరం?

శివరాత్రికో, ఉగాదికో ఒంగోలు జాతి ఎద్దుల జతలు ఊళ్లో దిగుతాయి. విభాగాలు పళ్లను బట్టి: పాలపళ్లు, రెండు పళ్లు, నాలుగు, ఆరు, ఆపైన సీనియర్లు. ఎద్దు వయసు దాని నోరే చెబుతుంది, కాగితాలతో పనిలేదు. వయసు పెరిగేకొద్దీ బండ బరువూ పెరుగుతుంది.

ఇచ్చిన నిమిషాల్లో ఎక్కువ దూరం లాగిన జతదే గెలుపు. దూరాన్ని అడుగుల్లో కొలుస్తారు. దారి చివర బండను మలుపు తిప్పేటప్పుడే కాలం కరిగిపోతుంది. తోలేవాడి పనితనం బయటపడేదీ అక్కడే. బహుమతి సొమ్ము చాలాచోట్ల ఊరి దాతలదే.