ఫిర్యాది రాని వాయిదా

జీడిపిక్కలమ్మిన ఉద్దానపు రైతునకు వర్తకుడిచ్చిన చెక్కు చెల్లలేదనుకొనుడు. రైతు టెక్కలి కోర్టులో ఫిర్యాదు చేసెను. వాయిదానాడే పలాసలో డయాలసిస్. ఎట్లు రాగలడు?

ఇట్టి సమన్సు కేసులో ఫిర్యాది రానిచో, వాయిదా వేయుటకు కారణము తోచిననే తప్ప, ముద్దాయిని నిర్దోషిగా విడువవలెనని 1973 నాటి కోడు 256వ సెక్షను. 2024 జూలై 1న అమలైన నాగరిక్ సురక్షా సంహిత, 279వ సెక్షనులో, అంతకు ముందు 30 దినముల గడువిమ్మన్నది. వకీలు హాజరైనను, ఫిర్యాది స్వయముగా రానక్కరలేదని తోచినను, మేజిస్ట్రేటు విచారణ సాగింపవచ్చును. ఈ అధికారమును విచక్షణతో వాడవలెనని సుప్రీంకోర్టు 1997లో అసోసియేటెడ్ సిమెంటు కంపెనీ కేసున చెప్పినది. ఊరక తిరుగు ముద్దాయికిని కూలి పోవును గదా! అదియు కోర్టు చూడవలసినదే.

ఆసుపత్రి చీటీతో గైర్హాజరు పిటిషనును వకీలుచేత ఆనాడే వేయింపుడు. విడుదల తీర్పు నిలిచినచో, అదే నేరమునకు మరల విచారణ లేదు.