శాలిహుండం: చెవిలో మాట, కంటి ముందు రాయి

శ్రీకాకుళం జిల్లాలో, వంశధార ఒడ్డున ఒక కొండ. అదే శాలిహుండం. ఇక్కడి బౌద్ధ శిథిలాలను 1919లో వెలుగులోకి తెచ్చింది గిడుగు వెంకట రామమూర్తి. వ్యావహారిక భాష కోసం పోరాడిన ఆ గిడుగువారే!

కొండెక్కితే ఇటుక స్తూపాలు, చైత్యాలు. ఒక స్తూపం దగ్గర తప్పకుండా ఆగాలి. దాని లోపలి కట్టడం బండిచక్రంలా ఉంటుంది, ఆకులతో సహా. లోపల నింపిన మట్టిని ఆ ఇటుక గోడలే పట్టి ఉంచుతాయి. ఎంత తెలివైన పని! చెప్పేవాళ్లు లేకపోతే మాత్రం అది వట్టి ఇటుకల వరసే.

అందుకే చెవిలో ఒక మాట ఉండాలి. వివరాలు చదివి, ఇంట్లోనే ఫోన్‌లో రికార్డు చేసుకోవచ్చు. స్తూపానికో ముక్క, చైత్యానికో ముక్క. పిల్లల చేత చదివిస్తే మరీ మంచిది.

ముందు కొండ, తర్వాత మ్యూజియం. అక్కడ తార, మారీచి విగ్రహాలున్నాయి. తొలినాటి స్తూపాల నుంచి ఈ దేవతల దాకా బౌద్ధం ఎంత మారిందో ఒక్కచోటే తెలుస్తుంది.

శాలిహుండం దూరమనుకుంటే, విజయనగరం వాళ్లకు రామతీర్థం దగ్గర. అక్కడి గుడికి వెళ్లినవాళ్లు గురుభక్తులకొండ కూడా చూడొచ్చు. అక్కడా బౌద్ధ శిథిలాలే.

మరోసారి: రికార్డింగ్ ఇంటి దగ్గరే చేసుకోవాలి. మెట్లెక్కేటప్పుడు ఆపేసి, నిలబడిన చోటే వినాలి.