ట్యాంకు లేని గీజరు

ట్యాంకు గీజరు రెండు కిలోవాట్లదైతే ఇన్‌స్టంట్ గీజరు మూడు కిలోవాట్లది, మరి బిల్లు పేలిపోదా అని చాలామందికి అనుమానం. పోదు. మీటరు లెక్కపెట్టేది ఎన్ని కిలోవాట్లని మాత్రమే కాదు, ఎంతసేపని కూడా. అసలు ట్యాంకే లేని హీటరులో కుళాయి తిప్పగానే, పారే నీటి ఊపుకు స్విచ్ పడి కాయిల్ వేడెక్కుతుంది, కట్టేస్తే ఆగిపోతుంది. (మన దుకాణాల్లో ఇన్‌స్టంట్ అని అమ్మేవాటిలో చాలావాటికి ఒకటి నుంచి మూడు లీటర్ల బుల్లి ట్యాంకు ఉంటుందనుకోండి.) లీటరు నీటిని ఒక డిగ్రీ వేడి చేయడానికి సుమారు 4,200 జౌళ్ల శక్తి కావాలి. ఆ లెక్కన మూడు కిలోవాట్లు నిమిషానికి రెండు లీటర్లను దాదాపు 21 డిగ్రీలు పెంచుతాయి. అంటే 20 లీటర్ల బకెట్‌కు పది నిమిషాలు, అర యూనిట్ కరెంటు. ట్యాంకు గీజరుకూ అంతే ఖర్చు. పైగా వాడకుండా నిలవున్న నీటి వేడి వృథాగా పోతుంది.

మరి షవర్ మాటేమిటంటే, అక్కడ ఇన్‌స్టంట్ చాలదన్న ఆక్షేపణ సబబే. నిమిషానికి ఆరు లీటర్లు పారితే పెరిగేది ఏడు డిగ్రీలే. లంబసింగి చలికి అది ఏ మూలకు? అలాంటిచోట ట్యాంకు గీజరే మేలు. బకెట్ స్నానానికి, వంటింటి సింకుకు ఇన్‌స్టంట్ చాలు. అయితే ఇది 13 ఆంపియర్ల కరెంటు లాగుతుంది కాబట్టి, కొనేముందు 16 ఆంపియర్ల సాకెట్‌ను, ఎర్తింగ్‌ను ఎలక్ట్రీషియన్ చేత తప్పక చూపించుకోండి.